ఫారం-1 వచ్చాక కదిలిన ఫైలు

నేను ఒక ప్రభుత్వ కార్యాలయంలో గుమాస్తాగా చేరి, ముప్పై ఏళ్ళ పైచిలుకు పనిచేసి, సూపరింటెండెంటుగా పదవీ విరమణ చేశాను. ఆ కాలంలో హైకోర్టు ఉత్తర్వులు ఎన్నో నా బల్ల మీదుగా వెళ్ళాయి. వాటిలో ఒకటి మాత్రం ఈనాటికీ నన్ను విడిచిపెట్టలేదు. అది ఒక నైట్ వాచ్‌మన్ కేసు. ఆయన దినవేతనం మీద, మా భాషలో చెప్పాలంటే ఎన్‌ఎంఆర్‌గా, ఉద్యోగంలో చేరినవాడు. 1993 నవంబరు 25 నాటికి ఐదేళ్ళ నిరంతర సర్వీసు పూర్తిచేసిన వాళ్ళను కొన్ని షరతులకు లోబడి క్రమబద్ధీకరించాలని 1994 ఏప్రిల్ 22న వచ్చిన జీవో 212 ఆయనకు వర్తిస్తుంది. అయినా ఆయనను క్రమబద్ధీకరించింది ఎన్నో ఏళ్ళ తరువాత. దానివల్ల పింఛనుకు కావలసిన పదేళ్ళ అర్హ సర్వీసు ఆయనకు పూర్తి కాలేదు. తేదీ మారిస్తే పింఛను వస్తుంది, మార్చకపోతే రాదు. హైకోర్టు ఆయన వాదనను ఒప్పుకొని, ఎనిమిది వారాల్లోగా తేదీ సవరించి పింఛను మంజూరు చేయాలని ఆదేశించింది.

ఆ ఉత్తర్వు కాపీని ఆయనే స్వయంగా తెచ్చి ఇచ్చాడు. తపాలు సెక్షన్‌లో ముద్ర వేసి, నంబరు ఇచ్చి, నా సెక్షన్‌కు పంపారు. ఎనిమిది వారాలు అన్న మాట కింద ఎర్ర సిరాతో గీత గీసి ఉంది. ఆ గీత గీసింది నేనే.

తరువాత జరిగింది చెబుతాను, ఎందుకంటే బయటివాళ్ళకు ఇది తెలియదు. ఉత్తర్వు రాగానే నోట్ ఫైలులో మొదట లేచే ప్రశ్న ‘అమలు చేయడం ఎలా’ అన్నది కాదు, ‘అప్పీలుకు తగినదా కాదా’ అన్నది. దానికి ప్రభుత్వ న్యాయవాది (జీపీ) అభిప్రాయం కావాలి. జీపీ గారి కార్యాలయానికి లేఖ వెళుతుంది. అక్కడినుంచి జవాబు వచ్చేలోగా ఎనిమిది వారాలు సగం గడిచిపోతాయి. అప్పీలుకు తగినది కాదని ఆయన రాసినా శాఖాధిపతి ఆమోదం కావాలి, శాఖాధిపతి సచివాలయానికి రాస్తారు, సచివాలయంలోని మా శాఖ ఆర్థిక శాఖకు పంపుతుంది, ఆర్థిక శాఖ ‘ఇలాంటి కేసులు ఇంకా ఎన్ని ఉన్నాయి, మొత్తం ఎంత భారం పడుతుంది’ అని అడుగుతూ ఫైలును తిప్పి పంపుతుంది. ఆ వివరాలు జిల్లాల నుంచి తెప్పించాలి. ఈ మధ్యలో మా అధికారి బదిలీ అయ్యారు, కొత్తగా వచ్చినవారు ఫైలును మొదటినుంచి చదవాలన్నారు. ఇందులో ఏ ఒక్క అడుగూ నిబంధనలకు విరుద్ధం కాదు. అయినా పదకొండు నెలలు గడిచాయి. ఏడో నెలలో ఆ వాచ్‌మన్ చనిపోయాడు.

ఆయన భార్య కోర్టు ధిక్కరణ కేసు వేసింది. హైకోర్టు నుంచి ఫారం-1 నోటీసు వచ్చింది. కోర్టు వ్యవహారాలు తెలిసిన ప్రతి ఉద్యోగికీ ఆ మాట బాగా తెలుసు. ప్రతివాదిగా పేరున్న అధికారి ఫలానా తేదీన స్వయంగా న్యాయస్థానంలో హాజరు కావాలని దాని అర్థం. నోటీసు మీద హోదాతోపాటు అధికారి సొంత పేరు ఉంటుంది. ఆ కాగితం వచ్చిన రోజు సాయంత్రం ఫైలుకు ‘కోర్టు ధిక్కరణ, అత్యంత తక్షణం’ అన్న చీటీ అంటించారు. అదే ఆర్థిక శాఖ, అదే సచివాలయం, అవే మెట్లు. నాలుగు రోజుల్లో ఉత్తర్వులు వెలువడ్డాయి. పదకొండు నెలల్లో చేయలేనిది నాలుగు రోజుల్లో ఎలా చేయగలిగామని ఆనాడు మమ్మల్ని ఎవరూ అడగలేదు. నన్ను నేను కూడా ప్రశ్నించుకోలేదు. ఆ ప్రశ్న పదవీ విరమణ తరువాత వచ్చింది.

చట్టం ఏమంటుందో చూద్దాం. 1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం ధిక్కరణను సివిల్, క్రిమినల్ అని రెండుగా విడదీస్తుంది. పత్రికల్లో ఎక్కువగా చర్చకు వచ్చేది రెండోది, అంటే న్యాయస్థానం గౌరవానికి భంగం కలిగించే మాటలు, రాతలు. మామూలు మనిషి బతుకును తాకేది మొదటిది. న్యాయస్థానం తీర్పును, డిక్రీని, ఆదేశాన్ని, రిట్‌ను బుద్ధిపూర్వకంగా ఉల్లంఘించడం, లేదా కోర్టుకు ఇచ్చిన హామీని బుద్ధిపూర్వకంగా తప్పడం సివిల్ ధిక్కరణ. ఈ ‘బుద్ధిపూర్వకంగా’ అన్న మాటలోనే ఆలస్యానికి చోటు దొరుకుతుంది. ఆదేశాన్ని పాటించనని ఏ అధికారీ రాయడు. ‘పరిశీలనలో ఉంది’ అని రాస్తాడు. మనిషిని జైలుకు పంపే అధికారం కనుక ఆ షరతు ఉండవలసిందే, దాన్ని తీసేయాలని నేను అనను. కాని ఆలస్యం పది బల్లల మధ్య పంచుకుపోయినప్పుడు ఏ ఒక్క బల్ల దగ్గరా బుద్ధిపూర్వకత కనబడదు. ఆ సంగతి వ్యవస్థకు బాగా తెలుసు.

శిక్ష సంగతి మరీ విచిత్రం. ఆరు నెలల వరకు సాధారణ కారాగారం, లేదా రెండు వేల రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ. సివిల్ ధిక్కరణలో జరిమానా సరిపోదనుకుంటేనే జైలు అని చట్టమే చెబుతుంది. ఈ రెండు వేల రూపాయల అంకె 1971లో పెట్టింది కాదు. బ్రిటిష్ కాలంలో, 1926లో వచ్చిన ధిక్కరణ చట్టంలోనూ ఇదే అంకె, 1952 నాటి చట్టంలోనూ ఇదే. 1926లో రెండు వేల రూపాయలు ఒక సంసారాన్ని ఏళ్ళ తరబడి నడిపే సొమ్ము. ఈనాడు అది పెద్ద అధికారి ఒక పూట జీతం కూడా కాకపోవచ్చు. 1994 అక్టోబరులో, అయోధ్యలో శాశ్వత నిర్మాణం జరగనివ్వబోమని సుప్రీంకోర్టుకు ఇచ్చిన హామీని నిలబెట్టుకోనందుకు ఉత్తరప్రదేశ్ మాజీ ముఖ్యమంత్రి కల్యాణ్ సింగ్‌కు పడిన శిక్ష కూడా ఒక్కరోజు జైలు, రెండు వేల జరిమానా. పైగా ఆ జరిమానా వెళ్ళేది ప్రభుత్వ ఖజానాకు, పిటిషనరుకు కాదు. గెలిచి కూడా డబ్బు రాక కోర్టు చుట్టూ తిరిగిన మనిషికి అందులో పైసా దక్కదు. న్యాయమూర్తి ప్రత్యేకంగా ఖర్చులు ఇప్పిస్తే తప్ప.

అలా ఇప్పించిన సందర్భాలు లేకపోలేదు. నెల్లూరు జిల్లాలో ఒక మహిళ భూమిని ప్రభుత్వం తీసుకుని, 2017లో హైకోర్టు చెప్పినా పరిహారం చెల్లించని కేసులో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు 2021 సెప్టెంబరులో ఐఏఎస్ అధికారులకు శిక్షలు విధిస్తూ, ఆమెకు లక్ష రూపాయల ఖర్చులు ఇవ్వాలని, ఆ మొత్తాన్ని బాధ్యులైన అధికారుల జీతాల నుంచి రాబట్టాలని చెప్పింది. నన్ను ఆకట్టుకున్నది జైలు మాట కాదు, ఈ జీతం మాట. 2022 మార్చి 31న ఇదే హైకోర్టు పాఠశాలల ఆవరణల్లో గ్రామ సచివాలయాల నిర్మాణాలు వద్దన్న ఆదేశాలు అమలు కాలేదని ఎనిమిది మంది ఐఏఎస్ అధికారులకు రెండు వారాల జైలు విధించి, వాళ్ళు క్షమాపణ చెప్పుకోవడంతో దాన్ని మార్చి, ఏడాదిపాటు నెలకో రోజు సంక్షేమ హాస్టళ్ళకు వెళ్ళి సేవ చేయాలని, ఆ రోజు పిల్లల భోజనం ఖర్చు భరించాలని చెప్పింది. ఇలాంటి ఉత్తర్వుల మీద వెంటనే అప్పీళ్ళు పడతాయి. శిక్ష పడినవారికి ధిక్కరణ చట్టం 19వ సెక్షన్ అప్పీలును హక్కుగా ఇచ్చింది. ధిక్కరణ కేసు కొట్టేస్తే మాత్రం పిటిషనరుకు ఆ సెక్షన్ కింద అలాంటి హక్కు లేదు. ఈ తేడా ఎందుకో వివరించడం కష్టమేమీ కాదు, ఎందుకంటే శిక్ష పడేది అధికారికి. కాని అలా ఓడిన ఏ వాచ్‌మన్ భార్యకైనా దాన్ని వివరించవలసి వస్తే నా నోరు పెగలదు.

శిక్ష చివరిదాకా నిలిచిన కేసులు వేళ్ళ మీద లెక్కపెట్టవచ్చు. 1995లో కర్ణాటకకు చెందిన ఒక ఐఏఎస్ అధికారికి సుప్రీంకోర్టు నెల రోజుల జైలు విధించింది. అటవీ ఉత్పత్తుల మీద 1997లో ఇచ్చిన ఆదేశాలకు విరుద్ధంగా కోత మిల్లులకు అనుమతులిచ్చినందుకు మహారాష్ట్ర మంత్రి స్వరూప్ సింగ్ నాయక్‌కూ, అటవీ శాఖ ముఖ్య కార్యదర్శి అశోక్ ఖోత్‌కూ 2006 మేలో నెల రోజుల జైలు పడింది. మనకు బాగా దగ్గరి కేసు గుంటూరుది. హైకోర్టు వద్దన్నా గుడిసెలు తొలగించిన తహసీల్దారుకు 2015లో హైకోర్టు రెండు నెలల జైలు, రెండు వేల జరిమానా విధించింది. అప్పీళ్ళు నడిచాయి. ఈలోగా ఆయన డిప్యూటీ కలెక్టరు అయ్యారు. 2025 మేలో సుప్రీంకోర్టు జైలు తప్పించి, ఆయనను తిరిగి తహసీల్దారు హోదాకు దించి, లక్ష రూపాయల జరిమానా వేసింది. ఆ తీర్పును చాలామంది కఠినమన్నారు. నాకు అలా అనిపించలేదు. గుడిసెలు పోయింది 2013–14 ప్రాంతంలో, తీర్పు వచ్చింది 2025లో. ఆ పదకొండేళ్ళూ ఆ కుటుంబాలు ఎక్కడ తలదాచుకున్నాయో ఎవరి నోట్ ఫైలులోనూ ఉండదు.

ఆలస్యం కన్నా లోతైన జబ్బు ఇంకొకటి ఉంది. హైకోర్టు ఉత్తర్వుల్లో చాలా భాగం ‘పిటిషనరు వినతిపత్రాన్ని చట్టప్రకారం పరిశీలించి తగు ఉత్తర్వులు జారీ చేయాలి’ అని ముగుస్తాయి. కోర్టుకు వెళ్ళిన మనిషి కేసు గెలిచానని ఇంటికి వస్తాడు. సెక్షన్‌లో ఉన్నవాడికి అందులో ఉన్నది ‘పరిశీలించు’ అన్న ఒక్క మాటే. ‘ఇవ్వు’ అనే మాట లేదు. ఏపీఎస్ఆర్టీసీ ఉద్యోగుల కేసు ఒకదానిలో సుప్రీంకోర్టు 2006లో ఈ ‘పరిశీలించు’ అనే మాట గురించి వివరంగా చర్చించింది. అర్హతను తేల్చకుండా ఊరికే పరిశీలించమంటే అది హక్కును ఇచ్చినట్టు కాదని, కోర్టులు ఆ మాటను వాడేటప్పుడు స్పష్టంగా ఉండాలని చెప్పింది. ఆ స్పష్టత ఈనాటికీ రాలేదు.

అందువల్ల ఏం జరుగుతుందంటే, ఫారం-1 వచ్చాక, హాజరు కావలసిన తేదీకి ఒకటి రెండు రోజుల ముందు తిరస్కరణ ఉత్తర్వు వస్తుంది. ‘పరిశీలించాం, అర్హత లేదు’ అని రెండు పేజీలు. జీపీ గారు దాన్ని కోర్టు ముందుంచి, ఆదేశం అమలైందంటారు. అది నిజమే. 1996లో రాజస్థాన్ నుంచి వెళ్ళిన ఒక సీనియారిటీ కేసులో సుప్రీంకోర్టు నిర్దేశించిన సూత్రం ప్రకారం, ఆదేశాన్ని పాటిస్తూ అధికారి ఇచ్చిన ఉత్తర్వు తప్పో ఒప్పో ధిక్కరణ కేసులో తేల్చడానికి వీల్లేదు. తప్పనుకుంటే దానిమీద మళ్ళీ కొత్త రిట్ వేసుకోవాలి. ధిక్కరణ కేసు మూసేస్తారు. ఆ మనిషి మళ్ళీ మొదటి మెట్టు మీద నిలబడతాడు. ఈ తిరస్కరణ ఉత్తర్వుల ముసాయిదాలు నేనూ రాశాను. కారణాలు ముందే ఉండేవి కావు, తేదీ ముంచుకొచ్చాక వెతికేవాళ్ళం. ఏ పాత జీవోలో ఏ పేరా అడ్డుపడుతుందో వెతకడంలో నాకు మంచి పేరు ఉండేది. ఆ పేరు తలచుకుంటే ఇప్పుడు బాధ కలుగుతుంది.

అధికారుల పక్షాన చెప్పవలసిన న్యాయమైన మాట కూడా ఉంది, అది దాచను. ధిక్కరణ కేసులో పేరు పడేది తరచుగా జిల్లా అధికారిది. డబ్బు విడుదల చేసే చెయ్యి మాత్రం ఆర్థిక శాఖది. పరిహారం చెల్లించమని కోర్టు చెబుతుంది, కలెక్టరు బిల్లు పెడతాడు, ట్రెజరీలో అది నెలల తరబడి ఉండిపోతుంది, బోనులో నిలబడేది కలెక్టరు. తెలంగాణలో 2021 జూన్‌లో రెవెన్యూ శాఖ ధిక్కరణ కేసుల పేరుతో 58.95 కోట్ల రూపాయలు విడుదల చేస్తూ ఒక జీవో ఇచ్చారు. అధికారులు తమ ధిక్కరణ కేసులకు ప్రజల సొమ్ము ఖర్చుపెట్టుకుంటారా అని హైకోర్టు ఆగస్టులో ప్రశ్నించి, ఆ నిధులు విడుదల చేయవద్దని చెప్పింది. అది అధికారుల ఖర్చులకు కాదు, కోర్టులు చెల్లించమన్న భూసేకరణ పరిహారాల కోసమని ప్రభుత్వం వివరించింది. ఆ వివరణ నిజమేనని నేను నమ్ముతాను. నమ్మడం వల్లనే నా దుఃఖం ఎక్కువైంది. భూమి తీసుకున్ననాడు రైతుకు ఇవ్వవలసిన సొమ్ము ప్రభుత్వ లెక్కల్లో కదలడానికి ‘ధిక్కరణ కేసులు’ అన్న శీర్షిక అవసరమైందంటే, ధిక్కరణ కేసు వేయలేని రైతు పేరు ఏ శీర్షిక కింద ఉన్నట్టు?

అప్పీలు విషయంలో కూడా ఒక అపోహ మా కార్యాలయాల్లో ఉండేది. అప్పీలు వేశాం కనుక అమలు చేయనక్కరలేదని నోట్ ఫైలులో రాసేవాళ్ళం. అప్పీలు దాఖలు చేసినంత మాత్రాన కింది తీర్పు ఆగిపోదు, స్టే వస్తేనే ఆగుతుంది. ఇది న్యాయశాస్త్రంలో మొదటి పాఠం. అయినా రిట్ అప్పీలు నంబరు కూడా రాకముందే, జీపీ కార్యాలయంలో కాగితాలు ఉండగానే, ‘అప్పీలు పెండింగు’ అన్న రబ్బరు ముద్రలాంటి వాక్యంతో నెలలు గడిపేవాళ్ళం. ఫారం-1 వచ్చిన తరువాతనే, ఆలస్యాన్ని మన్నించమనే పిటిషనుతో కలిపి, ఆ అప్పీలు నిజంగా దాఖలయ్యేది.

అధికారులను కోర్టుకు పిలిపించడం మీద 2024 జనవరి 3న సుప్రీంకోర్టు ఒక కార్యవిధానాన్ని నిర్ణయించింది. అలహాబాదు హైకోర్టు ఉత్తరప్రదేశ్ ఆర్థిక శాఖ కార్యదర్శులను అదుపులోకి తీసుకోమన్న కేసులో వచ్చిన తీర్పు అది. స్వయంగా రమ్మనడం అసాధారణ సందర్భాల్లోనే ఉండాలని, ముందుగా వీడియో ద్వారా హాజరయ్యే వీలు కల్పించాలని, అధికారుల దుస్తులు, రూపం, చదువు మీద వ్యాఖ్యలు చేయరాదని, గడువులు పెట్టేటప్పుడు ప్రభుత్వ నిర్ణయ ప్రక్రియలోని చిక్కులు గమనించాలని అందులో ఉంది. మనిషిని నిలబెట్టి అవమానించరాదన్న మాటతో నాకు పూర్తి ఏకీభావం ఉంది. అమరావతిలోని నేలపాడులో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు వరండాలో వయసు మళ్ళిన అధికారులు ఉదయం నుంచి సాయంత్రం దాకా నిలబడి ఉండడం చూశాను, అంతకుముందు హైదరాబాదులో మూసీ ఒడ్డున ఉన్న పాత భవనంలోనూ చూశాను. దానివల్ల ఎవరికీ మేలు జరగలేదు. కాని మా ఫైలు నాలుగు రోజుల్లో కదిలింది ఆ నిలబడవలసి వస్తుందన్న భయం వల్లనే. ఆ భయాన్ని తీసేసినప్పుడు దాని స్థానంలో మరొకటి పెట్టాలి. పెట్టలేదని నా ఫిర్యాదు.

ఆ మరొకటి ఏమిటో సుప్రీంకోర్టు తీర్పుల్లోనే దొరుకుతుంది. కరోనా సమయంలో ఆపిన జీతాలు, పింఛన్ల విషయంలో 2021 ఫిబ్రవరిలో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఆరు శాతం వడ్డీ చెల్లించాలని సుప్రీంకోర్టు చెప్పింది. హైకోర్టు పన్నెండు శాతం అన్నది. ఆలస్యానికి వడ్డీ కట్టడం శిక్ష కాదని, ఒకరి సొమ్మును మరొకరు వాడుకున్నందుకు చెల్లించవలసిన మామూలు బాకీ అని మన ఊళ్ళో ఏ వడ్డీ వ్యాపారిని అడిగినా చెబుతాడు. తీర్పులోనే, గడువు దాటిన రోజు నుంచి ఇంత వడ్డీ అని, ఆ వడ్డీని ఫైలు ఏ బల్ల మీద ఎన్ని రోజులు ఆగిందో చూసి ఆ బల్లల నుంచి రాబట్టాలని రాస్తే, జైలు మాట ఎత్తవలసిన అవసరం చాలా కేసుల్లో ఉండదని నా నమ్మకం. ఫైలు ఎక్కడ ఎన్ని రోజులు ఆగిందో ఈనాడు కంప్యూటరులో తేదీలతో సహా కనబడుతుంది. నా ఉద్యోగకాలంలో అలాంటి లెక్క తీసి ఉంటే, ఆ వాచ్‌మన్ ఫైలు మీద నా బల్లకు వచ్చే వాటా నలభై ఆరు రోజులు. నా బల్లకు వచ్చిన కాగితాలు రాసుకున్న పాత పర్సనల్ రిజిస్టరు గుర్తు తెచ్చుకుని నేనే లెక్క కట్టుకున్నాను.

ఆ కేసులో అమలు అఫిడవిట్ ముసాయిదా రాసింది నేనే. ‘ఆలస్యం ఉద్దేశపూర్వకం కాదు, పరిపాలనా కారణాల వల్ల జరిగింది, ఈ గౌరవ న్యాయస్థానానికి బేషరతు క్షమాపణలు తెలియజేసుకుంటున్నాము’ అని చివరి పేరా. ధిక్కరణ చట్టంలో క్షమాపణ చెప్పేది న్యాయస్థానానికే, ఆ వాక్యం రూపమే అది. కేసు మూసేసిన రోజు ఆ వాచ్‌మన్ భార్య మా కార్యాలయానికి బకాయిల బిల్లు సంగతి కనుక్కోవడానికి వచ్చింది. ‘సారూ, ఆయన ఉన్నప్పుడు ఎందుకు రాలేదు’ అని అడిగింది. కోపంగా అడగలేదు, తెలుసుకోవడానికే అడిగింది. ‘ప్రాసెస్‌లో ఉందమ్మా’ అన్నాను. అంతకన్నా మరో మాట నాకు అప్పుడు తోచలేదు.

ఇప్పుడు మా పట్టణంలో పెన్షనర్లు, వాళ్ళ భార్యలు కోర్టు కాపీలు పట్టుకుని నా దగ్గరికి వస్తుంటారు. చాలామందికి తెలియని విషయం ధిక్కరణ చట్టంలోని 20వ సెక్షన్. ధిక్కరణ జరిగిన తేదీ నుంచి ఏడాది దాటితే కేసు వేయడానికి వీలుండదు. ప్రతిరోజూ అమలు చేయడం లేదు కనుక ధిక్కరణ కొనసాగుతూనే ఉందన్న వాదన అన్నిసార్లూ నిలవదని, తెలంగాణ హైకోర్టు నుంచి వెళ్ళిన ఒక భూమి కేసులో సుప్రీంకోర్టు 2024లో స్పష్టం చేసింది. ‘వచ్చే నెల చేసేస్తాం’ అన్న మాట నమ్మి ఆగినవాళ్ళకు ఆ ఏడాది తెలియకుండానే గడిచిపోతుంది. ఆ మాట చెప్పేవాళ్ళకు ఆ సెక్షన్ తెలుసు. అందుకని ఎవరు కాపీ తెచ్చినా ముందుగా దాని పై అంచున రెండు తేదీలు రాసి ఇస్తున్నాను. ఒకటి కోర్టు ఇచ్చిన గడువు ముగిసే తేదీ, రెండోది దానికి ఏడాది తరువాతి తేదీ. కాపీని కార్యాలయంలో ఇచ్చిన రోజే ముద్ర వేసిన రసీదు తీసుకోమని, గడువు ముగిసిన మర్నాడే స్పీడ్ పోస్టులో ఒక ఉత్తరం పంపమని చెబుతున్నాను. ఎర్ర సిరాతోనే రాస్తున్నాను.